పలకని ఎస్, మధ్యలో చిన్న గీత

డండీ, స్కాట్లాండ్

చిరంజీవులు చిన్నికీ, పండుకీ తాతయ్య ఆశీస్సులు.

మొన్న ఆదివారం వీడియో కాల్‌లో పక్కింటి పసిపాప పేరు రాసి చూపించగానే మీరిద్దరూ పడీపడీ నవ్వారు. "ఇస్లా-రోజా? ఒక పిల్లా, ఇద్దరా తాతయ్యా?" అని పండు అడిగాడు. నేను చెప్పిన జవాబు సగం మీ అత్త మిక్సీ మోతలో కలిసిపోయింది. అందుకే ఈ ఉత్తరం. ముప్పై నాలుగేళ్లు పోస్టాఫీసులో చేసినవాణ్ణి, ఉత్తరం రాయడానికి నాకు చిన్న సాకు దొరికితే చాలు.

మీరు నవ్వినందుకు నేనేమీ అనను, ఎందుకంటే ముందు తప్పు చదివింది నేనే. ఇక్కడ పక్కింట్లో ఎవరూ లేకపోతే వాళ్ల పార్సిల్ మన చేతికిచ్చి పోతారు. ఆ రోజు వచ్చిన అట్టపెట్టె మీద పాప పేరు పెద్దక్షరాల్లో ఉంది. సాయంత్రం పాప అమ్మమ్మ దానికోసం వస్తే, సార్టింగ్ చేసేటప్పటి అలవాటు కొద్దీ గట్టిగా "ఇస్లా రోజ్" అని చదివి మరీ ఇచ్చాను. ఆవిడ ఏమీ అనలేదు. పెట్టె చంకన పెట్టుకుని, ఒకటో తరగతి పిల్లాడికి చెప్పినట్టు నోరు బాగా తెరిచి "ఐ... లా" అంది. ఎస్ రాయాలి, పలకకూడదు. ఈ వయసులో నాకు అక్షరాభ్యాసం అయింది.

ఆ ఎస్ సంగతి ముందు తేల్చేస్తాను. చిన్నీ, స్పెల్లింగ్ టెస్టులో 'ఐలాండ్' రాయబోయి ఎస్ మర్చిపోయి మార్కు పోగొట్టుకున్నావు కదా. నిజానికి పాత ఇంగ్లీషులో ఆ మాటకి ఎస్ లేనే లేదు. ఫ్రెంచి నుంచి వచ్చిన 'ఐల్' అనే మాటలో, దాని వెనకాల లాటిన్ 'ఇన్సులా'లో ఎస్ ఉంది కాబట్టి, 16వ శతాబ్దం ప్రాంతంలో చదువుకున్నవాళ్లు దీనికి కూడా తగిలించేశారు. స్కాట్లాండ్ పడమటి తీరాన ఐలా అనే దీవి ఉంది. దాని స్పెల్లింగ్‌లో చివర ఒక వై అదనం, పలకడం మాత్రం అచ్చం పాప పేరే. ఇక్కడి పాత భాష గేలిక్‌లో దాన్ని ఈలె అంటారు, ఎస్ వాసన కూడా తగలదు. క్రీస్తుశకం 700 ప్రాంతంలో అయోనా అనే దీవిలోని మఠాధిపతి ఆడమ్నాన్ లాటిన్‌లో రాసినప్పుడు కూడా 'ఇలేయా' అనే రాశాడు. ఈ ఎస్ తరవాత అద్దెకి దిగి ఇల్లు ఖాళీ చేయని రకం.

పేర్ల అర్థాలు చెప్పే యాప్‌లు చూస్తే 'ఐలా అంటే దీవి' అని ఒక్క ముక్కలో తేల్చేస్తాయి. అది నమ్మకండి. స్పానిష్‌లో దీవిని 'ఇస్లా' అంటారు, అక్షరాలు అవే, కానీ ఆ మాట వేరు, ఈ పేరు వేరు. గేలిక్‌లో దీవిని 'ఎలన్' అంటారు. ఐలా అనేది ఒక దీవికీ, ఒక ఏటికీ పేరు. అంతకు మించిన అర్థం మీద పండితులకే ఏకాభిప్రాయం లేదు. మన నాగావళి అంటే ఏమిటని ఎవరైనా అడిగితే మనం 'మా శ్రీకాకుళం నది' అంటాం గానీ వ్యుత్పత్తి చెప్పం కదా, అలాగ.

పక్కింటి పాపకి పేరు వచ్చింది దీవి నుంచి కాదు, నది నుంచి. పాప అమ్మమ్మ పుట్టిల్లు ఐలా నది ఒడ్డునే. ఆ నది ఉత్తరాన కొండల్లో పుట్టి, గ్లెన్ ఐలా అనే లోయలోంచి దిగి, పొలాల మధ్యగా పారి టే నదిలో కలుస్తుంది. టే స్కాట్లాండ్‌లో అన్నిటికంటే పొడవైన నది. అదే మా డండీ ఊరి ముందు సముద్రంలా వెడల్పయి పోతుంది. అంటే రోజూ ఉదయం కాఫీ తాగుతూ కిటికీలోంచి నేను చూసే నీళ్లలో కొంచెం ఐలా కూడా ఉందన్నమాట. (మోరే అనే ప్రాంతంలో ఇంకో ఐలా నది ఉంది. ఒకే పేరుతో రెండు ఊళ్లుంటే ఉత్తరాలు తప్పిపోయే బాధ నాకు తెలుసు కాబట్టి ముందే చెప్తున్నా.)

మీ అత్తా మావయ్యా పోయిన శనివారం నన్ను అక్కడికి తీసుకెళ్లారు. రీకీ లిన్ అనే చోట నది ఒక్కసారిగా ఇరుకు లోయలోకి దూకుతుంది. రీక్ అంటే ఇక్కడి మాటలో పొగ, లిన్ అంటే జలపాతం. ఎత్తు 24 మీటర్లు, మన ఎనిమిదంతస్తుల అపార్ట్‌మెంటంత. మామూలు రోజుల్లో నీళ్లు రెండు మెట్లుగా పడతాయట. మేం వెళ్లేసరికి రెండు రోజులుగా వాన, రెండు మెట్లూ కలిసిపోయి ఒకే తెర. నీళ్లు తెల్లగా ఉంటాయనుకున్నాను. కాదు, పలచటి టీ డికాషన్ రంగు. పైన కొండల మీద బొగ్గులా కుళ్లిన పీట్ నేల ఉంటుంది, దాంట్లోంచి ఊరి వస్తాయి కాబట్టి ఆ రంగు. కింద పడ్డచోట మాత్రం నురగ, పైన తుంపర పొగలా లేచి నా కళ్లజోడంతా మసకేసింది. గట్టున కంచె లేదు. మీ అత్త నా స్వెట్టర్ వెనకనుంచి పట్టుకునే ఉంది, నేనేదో చిన్నపిల్లాణ్ణయినట్టు.

ఆడపిల్లకి నది పేరు పెట్టడమేంటని మీరు అడగరని నాకు తెలుసు. మన నెల్లిమర్ల పక్కనుంచి పోయే చంపావతి పేరుతో మీ నాన్న క్లాసులోనే ఒకమ్మాయి ఉండేది. గంగ, యమున, గోదావరి, కృష్ణవేణి... మనకి కొత్త కాదు. ఇక కొండల సంగతంటారా, మన వైపు సింహాచలం అని పిలిస్తే వీధిలో ఒక మగాడూ ఒక ఆడమనిషీ కలిసి తల తిప్పుతారు. ఇక్కడా అంతే. ఐలా, అయోనా, స్కై, ఐల్సా అన్నీ ముందు మ్యాపు మీద ఉన్నవే, తరవాత హాజరుపట్టీలోకి వచ్చాయి.

ఐలా ఒకప్పుడు స్కాట్లాండ్ వాళ్ల మధ్యే తిరిగిన పేరు. వాళ్లు ఎక్కడికి వలస పోతే అక్కడికి మూటలో కట్టుకుపోయారు. ఐలా బ్లెయిర్ అనే నటి 1944లో పుట్టింది మన బెంగళూరులో. వాళ్ల నాన్న టీ తోటల దొర. ఐలా ఫిషర్ అనే ఇంకో నటి 1976లో ఒమన్ దేశపు మస్కట్‌లో పుట్టింది, అమ్మానాన్నలు స్కాట్లాండ్ వాళ్లే. ఇప్పుడిక్కడ ఎక్కడ విన్నా ఐలాయే. స్కాట్లాండ్‌లో ఏటేటా పిల్లల పేర్ల లెక్క ప్రభుత్వమే ప్రకటిస్తుంది. 2020లో ఆడపిల్లల పేర్లలో ఐలా మొదటి స్థానం, 2023లో మళ్లీ మొదటి స్థానం.

చిక్కు అక్కడే వచ్చిపడింది. క్లాసులో నలుగురు ఐలాలుంటే టీచరు ఏం చేస్తుంది? మన సూర్యనారాయణల కథే. అందుకని పక్కన ఇంకో చిన్న పేరు కలిపి అడ్డగీతతో ముడేస్తారు: ఐలా-రోజ్, ఐలా-మే, ఐలా-గ్రేస్. ఇలాంటి జోడు పేర్లని ఇక్కడ 'డబుల్ బ్యారెల్డ్' అంటారు. అంటే రెండు గొట్టాల తుపాకీ! పాలుతాగే పిల్లకి తుపాకీ ఉపమానం ఏమిటో నాకైతే నచ్చలేదు, కానీ మాట అదే.

మొదట్లో ఈ మాట జోడు ఇంటిపేర్లకి వాడేవారు. ఐలా నదికి దగ్గర్లోనే గ్లామ్స్ అని ఒక కోట ఉంది (స్పెల్లింగ్‌లో ఒక 'ఐ' ఉంది, అదీ పలకరు, వీళ్లకి అక్షరాలు దాచుకోవడం సరదా). ఆ కోట దొరల ఇంటిపేరు లయన్. 1767లో ఆ దొర మేరీ ఎలినార్ బోజ్ అనే బాగా ఆస్తిపరురాలిని పెళ్లి చేసుకున్నాడు. 'మా అమ్మాయిని చేసుకునేవాడు మా ఇంటిపేరు పెట్టుకోవాలి' అని ఆమె తండ్రి వీలునామాలో రాసిపెట్టి పోయాడు. పచ్చిగా చెప్పాలంటే ఇల్లరికం షరతు. దొరగారు పెట్టుకున్నారు. తరవాతి తరాల్లో రెండూ కలిసి బోజ్-లయన్ అయింది. రెండో ఎలిజబెత్ రాణి తల్లి ఆ ఇంటి ఆడపడుచే, చిన్నతనంలో చాలాకాలం ఆ కోటలోనే పెరిగింది.

ఇంటిపేర్ల గీత ఆస్తి కోసం పుడితే, పిల్లల పేర్ల గీత ఎక్కువగా పెద్దవాళ్ల కోసం పుడుతుంది. స్కాట్లాండ్‌లో పాత ఆచారం ఏమిటంటే, మొదటి ఆడపిల్లకి అమ్మమ్మ పేరు, రెండో ఆడపిల్లకి నాయనమ్మ పేరు. మొదటి మగపిల్లాడికి నాయనమ్మ భర్త పేరు, అంటే తాత పేరు. మరి మగపిల్లాడు పుట్టకపోతే? తాత పేరుకే చివర 'ఇనా' తగిలించి ఆడపిల్లకి పెట్టేసేవారు. డొనాల్డ్ నుంచి డొనాల్డినా, విలియం నుంచి విలియమినా. నవ్వకండి. విలియమినా ఫ్లెమింగ్ అనే ఆవిడ ఈ డండీ ఊళ్లోనే 1857లో పుట్టింది. అమెరికా వెళ్లి, హార్వర్డ్ అబ్జర్వేటరీ డైరెక్టర్ ఇంట్లో పనిమనిషిగా చేరి, ఆ అబ్జర్వేటరీలోనే ఖగోళ శాస్త్రవేత్త అయింది. పండూ, నీ సైన్స్ పుస్తకంలో గుర్రం తలలా ఉన్న నల్లటి మేఘం బొమ్మ ఉందే, హార్స్‌హెడ్ నెబ్యులా, దాన్ని 1888లో ఫొటో పలక మీద మొదట గుర్తుపట్టింది ఆవిడే.

ఇప్పుడు ఒకరో ఇద్దరో పిల్లలు. రెండో ఆడపిల్ల పుట్టేదాకా నాయనమ్మ ఎందుకు ఆగాలి? పక్కింట్లో అదే జరిగింది. ఐలా అమ్మమ్మ ఊరి నది, రోజ్ పాప నాన్నగారి నాయనమ్మ పేరు. ఇద్దరి మధ్యా గీత గీసి ఇద్దర్నీ కూర్చోబెట్టారు. గీత లేకుండా ఖాళీ వదిలితే రోజ్ నడిమి పేరై కాగితాల్లోనే ఉండిపోతుంది, ఎవరూ పిలవరు. గీత పెడితే రెండూ కలిసి ఒకటే పేరు. పండూ, ఒక పిల్లా ఇద్దరా అన్నావుగా, ఒకతే.

రోజ్ అంటే గులాబీ, అది తెలిసిందే అంటారు. తెలియనిది కొంత ఉంది. ఫ్రాన్స్ నుంచి వచ్చి ఇంగ్లండ్‌ని గెలిచిన నార్మన్లు బ్రిటన్‌కి తెచ్చిన పాత పేరు 'రొహేస్'. అది జర్మన్ కుటుంబపు భాషల మాట, అందులో మొదటి ముక్కకి అర్థం కీర్తి. పువ్వుతో సంబంధమే లేదు. పలుకుబడి దగ్గరగా ఉండటంతో పోనుపోనూ పువ్వు పేరులో కలిసిపోయింది. కాబట్టి వెనకటి రోజ్‌లు మన కీర్తిలకి చుట్టాలు. ఇక పువ్వు సంగతి ఇంకా బావుంటుంది. గులాబీలో 'గుల్' పారసీ మాట, 'ఆబ్' అంటే నీళ్లు. ఆ గుల్‌కీ, గ్రీకులో రోజాపువ్వుని అనే 'రోడాన్'కీ, లాటిన్ 'రోజా'కీ మూలం ఒకే పాత ఇరానీ మాట అని భాషావేత్తలు చెప్తారు. మన పెరట్లో గులాబీ అన్నా, ఇక్కడ రోజ్ అన్నా ఒకే తల్లి పిల్లలు.

స్కాట్లాండ్‌లో తెల్లగులాబీకి ఇంకో కథ ఉంది. 18వ శతాబ్దంలో సింహాసనం పోగొట్టుకున్న స్టువర్ట్ వంశం వైపు నిలబడ్డవాళ్లు, వాళ్లని జాకొబైట్లు అంటారు, తెల్లగులాబీని తమ గుర్తుగా పెట్టుకున్నారు. ఐలా, టే కలిసే చోటికి దగ్గర్లో మిక్లూర్ అనే ఊళ్లో రోడ్డు పక్కన బీచ్ అనే ఒక రకం చెట్ల (సముద్రపు ఒడ్డు బీచ్ కాదు) కంచె ఉంది. కంచె అంటే మన జిల్లేడు కంచె కాదు. ఎత్తు 30 మీటర్లు, పొడవు 530 మీటర్లు. దాన్ని 1745లో నాటించిన దంపతుల్లో భర్త జాకొబైట్ల తరఫున వెళ్లి, మరుసటి ఏడు ఏప్రిల్‌లో కలోడెన్ యుద్ధంలో చనిపోయాడు. కారు ఆ కంచె పక్కనుంచి పోతున్నంతసేపూ ఆకాశం ఒకవైపే కనిపించింది. ఐలా, రోజ్ రెండూ అంత దగ్గర్లో ఉన్నాయని పాప అమ్మానాన్నలు ఆలోచించి ఉండరు. నేను చెప్తే వాళ్లే ఆశ్చర్యపోయారు.

పాప పుట్టిన 21 రోజుల్లోపు పేరు రిజిస్ట్రార్ దగ్గర నమోదు చేయించాలని ఇక్కడి చట్టం. మనం బారసాల చేసేదీ ఇరవయ్యొకటో రోజునే అని చెబితే పాప అమ్మమ్మ నమ్మలేదు, మీ అత్తని పిలిచి మళ్లీ అడిగింది. ఇంకోటి, ఇక్కడ పసిబిడ్డని మొదటిసారి చూసినప్పుడు చేతిలో వెండి నాణెం పెడతారు. బిడ్డ గట్టిగా పట్టుకుంటే డబ్బు నిలుస్తుందట, వదిలేస్తే చేతికి ఎముక ఉండదట. మన దగ్గరా చేతిలో నోటు పెట్టకుండా చూస్తామా? నిన్న వెళ్లి, నా పెట్టెలో ఉన్న పాత వెండి రూపాయి పాప చేతిలో పెట్టాను. గుప్పిట మూసింది, తీయలేదు.

అప్పుడు ఆవిడ నా పేరు అడిగింది. ఇన్ని నెలలూ 'మిస్టర్ గ్రాండ్‌ఫాదర్' అనే పిలుస్తోంది పాపం. కాగితం మీద ఇంగ్లీషులో సింహాచలం అని పెద్దక్షరాల్లో రాసిచ్చాను. ఆవిడ కళ్లజోడు సర్దుకుని, వేలు మొదటి అక్షరం మీద పెట్టి, చాలా మర్యాదగా అడిగింది:

"ఇందులో ఎస్ పలకాలా, వద్దా?"

మీ
తాతయ్య