మనిషిని తెచ్చి చూపించు

కోర్టు వార్తల్లో హెబియస్ కార్పస్ పిటిషన్ అన్న మాట తరచూ వింటుంటాం. మనిషిని తెచ్చి చూపించు అని దాని భావం. ఎవర్నైనా నిర్బంధించినవాళ్లు ఆ మనిషిని జడ్జి ముందుకు తెచ్చి, ఎందుకు పట్టుకున్నారో చెప్పాలి. వ్యక్తి స్వేచ్ఛకు పెద్ద పెద్ద ప్రకటనల కంటే ఈ కాగితమే ఎక్కువ పనికొచ్చిందని నాకనిపిస్తుంది.

చట్టప్రకారం తప్ప స్వతంత్రుణ్ణి జైల్లో పెట్టకూడదని 1215లోనే ఇంగ్లండ్ రాజు ఒప్పుకున్న హక్కుల పత్రం మాగ్నా కార్టాలో రాసుకున్నారు. (భూస్వామికి కట్టుబడి బతికే రైతులు ఆ లెక్కలోకి రారు.) రాసుకున్నారు సరే, రాజు వినకపోతే? 1627లో రాజు మొదటి చార్లెస్ బలవంతంగా అప్పు అడిగితే ఇవ్వబోమన్న ఐదుగురు నైట్లు (ఆ బిరుదున్న పెద్దమనుషులు) జైలుపాలయ్యారు. కారణమేంటని కోర్టు అడిగితే 'రాజుగారి ఆజ్ఞ' అన్నారు. జడ్జీలు అంతటితో ఊరుకుని వాళ్లను మళ్లీ జైలుకే పంపారు.

అసలు పట్టు ఇంగ్లండ్‌లో 1679 నాటి హెబియస్ కార్పస్ చట్టంతో దొరికింది. అందులో ఆదర్శాల ఊసు తక్కువ, లెక్కలెక్కువ. జైలు 20 మైళ్లలోపుంటే ఖైదీని 3 రోజుల్లో తేవాలి, 100 మైళ్లలోపైతే 10 రోజులు, ఆపైన 20. మాట వినని జైలరుకు మొదటిసారి 100 పౌన్లు, రెండోసారి 200 పౌన్ల జరిమానా, పైగా ఉద్యోగం ఊడుతుంది. ప్రభువుల సభలో ఓట్లు లెక్కపెట్టేటప్పుడు ఒక భారీకాయుణ్ణి సరదాకి పదిమందిగా లెక్కేశారని, అవతలివాళ్లు గమనించకపోవడంతో బిల్లు గట్టెక్కిందని ఓ కథ కూడా ఉంది!

దాదాపు వందేళ్లకి, లండన్‌లో యజమాని దగ్గర్నుంచి పారిపోయిన జేమ్స్ సోమర్‌సెట్ అనే ఆఫ్రికన్ బానిస దొరికిపోయాడు. జమైకాలో అమ్మేద్దామని గొలుసులేసి థేమ్స్ నదిలో ఓడెక్కించారు. ఓడ కెప్టెన్‌కు కోర్టు నుంచి అదే కాగితం వచ్చింది. 1772 జూన్ 22న జడ్జి లార్డ్ మాన్స్‌ఫీల్డ్ సోమర్‌సెట్‌ను వదిలేయమన్నాడు. వలసల్లో మాత్రం బానిసత్వం 1830ల దాకా సాగింది.

యుద్ధం, ఎమర్జెన్సీ అనగానే పాలకుల కళ్లు దీనిమీదే పడతాయి. 1861లో అమెరికాలో లింకన్ దీన్ని పక్కన పెట్టాడు. భారత్‌లో ఎమర్జెన్సీ నడుస్తుండగా, నిర్బంధితులకు ఈ పిటిషన్ వేసే హక్కే లేదని 1976లో సుప్రీంకోర్టు తేల్చింది. ఐదుగురు జడ్జీల్లో కాదన్నది జస్టిస్ హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే. మరుసటి ఏడు చీఫ్ జస్టిస్ పదవి ఆయన జూనియర్‌కు ఇచ్చారు, ఆయన రాజీనామా చేశారు. జీవించే హక్కును, స్వేచ్ఛను ఎమర్జెన్సీలోనూ ఆపలేకుండా 1978లో 44వ సవరణ వచ్చింది. ఆ తీర్పు తప్పని సుప్రీంకోర్టు తనంతట తాను చెప్పింది మాత్రం 2017లో.