బాల్డ్రిక్ చరిత్ర చెప్పిన వైనం

చిరంజీవులకు ఆశీస్సులు.

నవ్వించేవాడు చరిత్ర చెబితే జనం నమ్ముతారా అని మొన్న ఫోనులో అడిగారు. అది రెండు ముక్కల్లో తేలే విషయం కాదు కనుక, ఇంగ్లండు నటుడు టోనీ రాబిన్సన్ సంగతి తీరిగ్గా రాస్తున్నాను.

ఆయన 1946లో లండన్‌లో పుట్టారు, చిన్నతనంలోనే రంగస్థలం ఎక్కారు. అయితే ఇంటింటికీ తెలిసింది 1983లో బీబీసీలో మొదలైన ‘బ్లాకాడర్’ వల్లనే. నాలుగు భాగాలుగా వచ్చిన ఆ హాస్య ధారావాహికలో కథాకాలం మధ్యయుగాల నుంచి మొదటి ప్రపంచయుద్ధం దాకా మారుతూ వస్తుంది గానీ, రాబిన్సన్ వేసిన బాల్డ్రిక్ మాత్రం ఏ కాలంలోనైనా మాసిన బట్టలతో ఒకరి కింద చాకిరీ చేసేవాడే. ఆపద వచ్చిన ప్రతిసారీ తన దగ్గర బ్రహ్మాండమైన ఉపాయం ఉందంటాడు. అదేమిటో విన్నాక అందరూ తల పట్టుకుంటారు.

గ్రీసులోని సాంటోరీని ద్వీపానికి వెళ్లిన ఒక విజ్ఞానయాత్రలో ఆయనకు బ్రిస్టల్ విశ్వవిద్యాలయ పురావస్తు శాస్త్రవేత్త మిక్ ఆస్టన్‌తో స్నేహం కుదిరింది. 1994లో ఛానల్ ఫోర్ టీవీలో ‘టైమ్ టీమ్’ అనే పురావస్తు తవ్వకాల కార్యక్రమం ప్రారంభమైనప్పుడు శాస్త్రానికి ఆస్టన్, వ్యాఖ్యానానికి రాబిన్సన్ నిలబడ్డారు. ఒక స్థలం, మూడు రోజుల గడువు. ముందుగా పరికరాలతో నేలను కొలిచి, లోపల ఉన్న గోడల, గుంటల జాడలను పటంగా గీసి, ఆ పటాన్ని బట్టి ఎక్కడ తవ్వాలో నిర్ణయించేవారు. రాబిన్సన్ ఒక కందకం నుంచి మరొక కందకానికి పరుగెత్తి, మట్టిలో కాస్త రంగు తేడా తప్ప మన కంటికేమీ కనబడని చోట, ఇది గోడ అని ఎలా చెప్పగలరని నిలదీసేవారు. నా దృష్టిలో ఆ కార్యక్రమానికి ప్రాణం అదే. పండితుడైతే అడగడానికి సిగ్గుపడే ప్రశ్నను బాల్డ్రిక్ వేషం వేసినవాడు జంకు లేకుండా అడిగాడు, శాస్త్రవేత్త మామూలు మాటల్లో జవాబు చెప్పక తప్పలేదు.

మూడు రోజుల్లో పని పూర్తయినట్లు చూపడం తప్పుదోవ పట్టిస్తుందని కొందరు పురావస్తువేత్తలు ఆక్షేపించారు. ఆ మాటలో నిజం లేకపోలేదు, ఎందుకంటే దొరికిన పెంకులను కడిగి, కాలం తేల్చి, నివేదిక రాయడానికి తవ్వకం కంటే ఎన్నో రెట్లు సమయం పడుతుంది. కార్యక్రమంలో చేసిన మార్పులు నచ్చక 2012లో ఆస్టన్ కూడా తప్పుకున్నారు.

నాకు మరింత నచ్చింది 2004లో రాబిన్సన్ చరిత్రలోని అతి నీచమైన కొలువుల గురించి చేసిన టీవీ కార్యక్రమాల వరుస. రాజుల జోలికి పోకుండా, ఆ రాజుల బట్ట ఎవరు తయారుచేశారని అడిగారు. ఆ రోజుల్లో నేసిన ఉన్నిలోని జిడ్డు పోవాలన్నా, బట్ట దళసరి కావాలన్నా, దానిని పులిసిన మూత్రంలో వేసి గంటల తరబడి కాళ్లతో తొక్కాల్సి వచ్చేది. జిడ్డును విడగొట్టేది అందులో పుట్టే అమోనియా. రాబిన్సన్ ఆ తొట్టిలోకి స్వయంగా దిగి తొక్కారు. ముక్కు మూసుకోకుండా ఆ పని చేయడం ఎవరికీ సాధ్యం కాదు, ఆయనకూ కాలేదనుకుంటాను. నాలుగు కాలాల సేవకుడిగా నటించిన మనిషి మీద ప్రేక్షకులకు అప్పటికే ఉన్న చనువు అక్కడ బాగా అక్కరకు వచ్చింది.

2013లో ఆయనకు సర్ బిరుదు ఇచ్చారు. నటన మానేశారేమో అనుకునేరు. 2023లో ‘కామిక్ రిలీఫ్’ విరాళాల కార్యక్రమం కోసం మళ్లీ బాల్డ్రిక్ వేషం కట్టి, పిల్లలకు నిద్రపోయే ముందు చెప్పే కథ చదివారు.

ఇట్లు,
మీ తాతయ్య