గేటు దాటిన యాభై సెకన్లు

ఫ్రాన్సులోని లియోన్ నగరం, మోంప్లెజీర్ పేట. ఫ్యాక్టరీ తలుపులు తెరిచే ఉన్నాయి. పొడుగు గౌన్లు, టోపీలతో ఆడవాళ్ళు గుంపుగా బయటికొచ్చి కొందరు ఇటు, కొందరు అటు చీలిపోతారు. వాళ్ళ వెనకే మగవాళ్ళు, సైకిళ్ళు, జనం మధ్య తిరుగాడే ఓ కుక్క. యాభై సెకన్లు దాటకుండానే సినిమా అయిపోతుంది. సినిమాకు ఆద్యుల్లో ఒకడైన లూయీ లూమియేర్ 1895లో సొంత ఫ్యాక్టరీ ముందే తీసిన మూకీ ఇది.

లోపలి పని వదిలేసి గేటు దగ్గర కాపు కాయడం దేనికి? వెలుతురు కోసం. సెకనుకు 16 బొమ్మలు తీయాలంటే ఒక్కో బొమ్మకు దక్కే సమయం రెప్పపాటు కన్నా తక్కువ. ఆనాటి ఫిలింకు మంచి ఎండ ఉంటేనే అది చాలేది. పైగా అక్కడ తయారయ్యేవి ఫొటో ప్లేట్లు. గాజు పలకల మీద వెండి లవణం కలిపిన జెలటిన్ పూత పూస్తారు. మామూలు వెలుగు సోకితే సరుకంతా పాడే, మసక ఎర్రదీపాల కిందే పని సాగాలి. ప్రపంచానికి ఫొటోలు అందించే పని, ఫొటోకే అందని పని! ఆ అమ్మాయిలు ఎండలోకి అడుగుపెట్టాకే కెమెరాకు చిక్కారు.

కెమెరా సంగతీ తమాషాగానే ఉంటుంది. బొమ్మ తీయడం, ప్రింటు వేయడం, తెర మీద చూపడం అన్నీ ఆ ఒక్క పెట్టెతోనే. చేత్తో పిడి తిప్పుతుంటే చిన్న కొక్కేలు ఫిలిం అంచు రంధ్రాల్లోకి దిగి, ఒక బొమ్మ మేర లాగి వదిలేస్తాయి. ఫిలిం ఆగినప్పుడే దాని మీద వెలుగు పడుతుంది. ఈ ఉపాయం కుట్టుమిషను నుంచి వచ్చిందంటారు: సూది పైకి లేస్తే గుడ్డ జరుగుతుంది, దిగితే కదలదు. రీలు 17 మీటర్లే. అది అయ్యేలోగా అందరూ బయటపడాలి.

ఒక్కసారి తీసింది కాదు కూడా. మూడు రకాలు మిగిలాయి: ఒకదాంట్లో బండికి ఒక గుర్రం, మరోదాంట్లో రెండు, ఇంకోదాంట్లో అసలు బండే లేదు. బట్టల్లోనూ తేడా ఉంది. 'ఉన్నదున్నట్టు' తీసిందనుకునే సినిమాకు రిహార్సళ్ళు జరిగినట్టే కదా!

1896 జూలై 7న బొంబాయి వాట్సన్ హోటల్లో వేసిన ఆరు చిన్న సినిమాల్లో ఈ ఫ్యాక్టరీ దృశ్యమూ ఉంది.

లియోన్ కార్మికులు దాదాపుగా కెమెరా వంక చూడరు, యజమాని తీస్తున్నాడు మరి. కొద్ది ఏళ్ళకే ఇంగ్లండులో బ్లాక్‌బర్న్‌కు చెందిన మిచెల్, కెన్యన్ అనే ఇద్దరు మిల్లుల గేట్ల ముందు తీసిన వాటిలో వరస మారింది. తెర మీద తమను తాము చూసుకోవడానికి జనం డబ్బిచ్చి వస్తారు కాబట్టి, ఎన్ని మొహాలు పడితే అంత లాభం. అందుకే ఆ బొమ్మల్లో పిల్లలు కెమెరా ముందు తోసుకుంటూ, టోపీలు ఊపుతూ, తిన్నగా మనవైపే చూస్తారు.