అవ్వను స్కానింగుకు తీసుకుపోయే పిల్లలకు

కర్నూలు

చిరంజీవులైన పిల్లలకు ఆశీస్సులు.

ఆదోని, ఆలూరు, పత్తికొండ వైపు నుంచి మన కర్నూలు పెద్దాసుపత్రికి వచ్చే ముసలివాళ్ళ వెంట ఈమధ్య ఎక్కువగా మీ ఈడు పిల్లలే కనిపిస్తున్నారు. పెద్దవాళ్ళకు పనులు మానుకొనే వీలు లేకపోవడం వల్లనో, చీటీలు చదవడం మీకే బాగా వచ్చునన్న నమ్మకం వల్లనో, అవ్వకు సిటి స్కాన్ తీయించుకొని వచ్చే బాధ్యత ఇంటర్, డిగ్రీ చదివే మనవడి మీదో మనవరాలి మీదో పడుతోంది. స్కానింగు గదిలో చాలా ఏళ్ళు పనిచేసినవాడిగా ఒక సంగతి మీకు గట్టిగా చెప్పదలచుకున్నాను. ఆ గదిలోకి పోకముందు రోగి గురించి మీరు చెప్పే నాలుగు మాటల మీద ఆ స్కాన్ క్షేమంగా జరగడం చాలావరకు ఆధారపడి ఉంటుంది.

సిటి స్కాన్‌లో వాడేది ఎక్స్‌రే కిరణాలనే. మామూలు ఎక్స్‌రేలో ఎముకలూ గుండే ఊపిరితిత్తులూ ఒకదాని మీద ఒకటి పడి ఒకే బొమ్మలో కలిసిపోతాయి. సిటిలో ఎక్స్‌రే గొట్టం రోగి చుట్టూ తిరుగుతూ అన్ని వైపుల నుంచీ కొలతలు తీస్తే, కంప్యూటర్ వాటిని లెక్కగట్టి శరీరాన్ని అడ్డంగా కోసినట్టు పలచని పొరలుగా చూపిస్తుంది. గాడ్‌ఫ్రే హౌన్స్‌ఫీల్డ్ అనే ఇంజనీరు రూపొందించిన ఈ యంత్రంతో 1971 అక్టోబరు 1న లండన్‌లో మొదటిసారి ఒక రోగికి తల స్కాన్ తీశారు. దీనికి కావలసిన గణితాన్ని అంతకుముందే విడిగా సాధించిన అలన్ కార్మాక్‌తో కలిపి ఆయనకు 1979లో నోబెల్ బహుమతి ఇచ్చారు. ఇవాళ 44వ నంబరు జాతీయ రహదారి మీద ప్రమాదం జరిగి తలకు దెబ్బ తగిలినవారికి, లోపల రక్తం గడ్డకట్టిందో లేదో నిమిషాల్లో తెలుస్తోందంటే అది వీరి చలవే.

చాలామంది దీన్ని ఎం.ఆర్.ఐ.తో కలిపి భయపడతారు. ఎం.ఆర్.ఐ.లో బలమైన అయస్కాంతం ఉంటుంది కనుక కొన్ని లోహాలు అక్కడ ప్రమాదం. సిటిలో ఆ ప్రమాదం లేదు, కానీ లోహం ఉన్నచోట బొమ్మలో గీతలు పడి అసలు చూడవలసినది కనబడదు. అందువల్ల తల స్కాన్‌కు కమ్మలు, ముక్కుపుడక, తలపిన్నులు, కట్టుడు పళ్ళు తీయాలి. పొట్ట స్కాన్‌కు మొలతాడుకున్న వెండి బిళ్ళలూ తాయెత్తులూ తీయాలి. తాళిబొట్టు తీయమంటే కళ్ళ నీళ్ళు పెట్టుకున్న తల్లులను నేను చూశాను. తీసేది తల స్కాన్ అయితే మెడలోని తాళిని తీయకుండా కిందికి జరిపితే సరిపోతుందేమో టెక్నీషియన్‌ను మర్యాదగా అడగండి.

ఇక అన్నిటికంటే ముఖ్యమైనది డై సంగతి. మూత్రపిండాల్లో రాళ్ళకూ తల దెబ్బకూ సాధారణంగా డై అవసరం ఉండదు. గడ్డలు, రక్తనాళాలు, పేగుల జబ్బులు చూడవలసి వచ్చినప్పుడు మాత్రం డై అనే, అయోడిన్ కలిసిన మందును చేతి నరానికి ఎక్కిస్తారు. అది మూత్రపిండాల గుండా బయటికి పోతుంది కాబట్టి ముందుగా మూత్రపిండాల పనితనం తెలిపే క్రియాటినిన్ అనే రక్త పరీక్ష చేయిస్తారు. ఆ కాగితం మీ దగ్గరే పెట్టుకోండి. ఇంతకుముందు ఎప్పుడైనా డై ఎక్కించినప్పుడు ఒళ్ళంతా దద్దుర్లు లేచినా, ముఖం వాచినా, ఊపిరాడకపోయినా ఆ మాట అందరికంటే ముందు చెప్పాలి. ఉబ్బసం, మూత్రపిండాల జబ్బు, గుండె జబ్బు, షుగర్ ఉన్నాయా, వేసుకొనే బిళ్ళల్లో మెట్‌ఫార్మిన్ అనే షుగర్ మందు ఉందా అన్నది కూడా చెప్పాలి. మూత్రపిండాల పనితనం బాగా తగ్గినవారికి మెట్‌ఫార్మిన్‌ను స్కాన్ నాటి నుంచి 48 గంటలపాటు ఆపి, మళ్ళీ రక్త పరీక్ష చేసి మొదలుపెట్టమంటారు. అందరూ ఆపనక్కరలేదు, డాక్టరు చెప్పకుండా మీరు ఆపించవద్దు. మందుల పేర్లు నోరు తిరగకపోతే బిళ్ళల అట్టలన్నీ ఒక సంచిలో వేసుకొని వెళ్ళండి.

డై ఎక్కేటప్పుడు గొంతులో మొదలైన వెచ్చదనం పొత్తికడుపు దాకా పాకి, బట్టల్లోనే మూత్రం పోయినట్టు అనిపిస్తుంది, నోట్లో ఇనుము రుచి తగులుతుంది. ఇది ముందే చెప్పకపోతే ముసలమ్మలు నిజంగానే అలా జరిగిందనుకొని సిగ్గుతో కాళ్ళు ముడుచుకుంటారు, బొమ్మ చెడుతుంది, ఒక్కోసారి మళ్ళీ తీయవలసి వస్తుంది. కనుక, “అట్లా అనిపిస్తుందవ్వా, ఏమీ జరగదు, కదలకుండా పడుకో, ఊపిరి బిగపట్టమన్నప్పుడు బిగపట్టు” అని బయటే నేర్పి పంపండి. సూది దగ్గర మంటగాని వాపుగాని ఉంటే వెంటనే కేక వేయమనండి. అయిపోయాక అరగంట అక్కడే కూర్చోబెట్టి, దురదా ఆయాసమా ఏమైనా వస్తుందేమో చూడండి.

ఏమీ తినకుండా రమ్మన్నప్పుడు మంచినీళ్ళు తాగవచ్చునా, పొద్దున వేసుకొనే బీపీ బిళ్ళ వేసుకోవచ్చునా అని ముందురోజే అడిగి తెలుసుకోండి. మే నెల ఎండలో పరగడుపున బస్సెక్కి వచ్చిన మనిషికి ఒంట్లో నీరు ఇంకిపోయి ఉంటుంది, ఆ స్థితిలో డై మూత్రపిండాలకు మరింత భారమవుతుంది. ఇన్సులిన్ వాడేవారికైతే పొద్దున మొదటి సమయం ఇవ్వమని అడగడంలో తప్పులేదు. స్కాన్ తరువాత నీళ్ళు బాగా తాగించండి, గుండె జబ్బు వల్లగాని మూత్రపిండాల జబ్బు వల్లగాని నీళ్ళు తగ్గించమన్నవారికి తప్ప.

కిరణాల గురించి అనవసర భయమూ వద్దు, నిర్లక్ష్యమూ వద్దు. ప్రకృతి నుంచే మనకు ఏడాదికి 2, 3 మిల్లీసీవర్టుల (ఒంటికి తగిలే రేడియేషన్‌ను కొలిచే కొలమానం ఇది) రేడియేషన్ అందుతుంది. తల సిటికి సుమారు 2, పొట్ట సిటికి సుమారు 8 నుంచి 10 మిల్లీసీవర్టులు పడుతుంది. స్కాన్ ముగియగానే కిరణాలు ఆగిపోతాయి, శరీరంలో ఏమీ మిగలదు. చిన్నపిల్లలకు మాత్రం కిరణాల ప్రభావం పెద్దలకంటే ఎక్కువ. అల్ట్రాసౌండ్‌తో తెలిసేదానికి పిల్లవాడికి సిటి తీయించమని మనమే పట్టుబట్టడం మంచిది కాదు. గర్భం ఉన్నా, ఉందేమోనన్న అనుమానం ఉన్నా టెక్నీషియన్‌కు చెప్పి తీరాలి, రోగి అయినా, తోడుగా లోపలికి వచ్చే ఆడపిల్ల అయినా. పాలిచ్చే తల్లికి డై ఎక్కించారని పాలు పిండి పారబోయించే పెద్దలున్నారు. పాలలోకి పోయేది అతి స్వల్పం, బిడ్డకు పాలు మాన్పించనక్కరలేదు.

రిపోర్టు చేతికి రాగానే ఫోనులో వెతికి అవ్వకు చదివి వినిపించవద్దు. మూత్రపిండంలో నీటి తిత్తి వంటివి వయసు మళ్ళినవారిలో తరచుగా కనిపిస్తాయి, వాటిలో చాలావాటితో ఏ ప్రమాదమూ లేదు. ఏది జబ్బో, ఏది కాదో రోగిని పరీక్షించిన డాక్టరే చెప్పాలి. ఫిల్ములు, సీడీ, రిపోర్టు, క్రియాటినిన్ కాగితం అన్నీ ఒకే కవరులో పెట్టి, దాని మీద తేదీ రాసి బీరువాలో దాచండి. మరో ఊరి డాక్టరు దగ్గరికి పోయినప్పుడు అది చూపిస్తే, పాత బొమ్మతో పోల్చి గడ్డ పెరిగిందో తగ్గిందో ఆయన చెప్పగలుగుతారు, అదే స్కాన్ మళ్ళీ తీయవలసిన అవసరం కూడా చాలాసార్లు తప్పుతుంది.

ఆశీస్సులతో,
మీ తాత