బి-మెమో పట్టా కాదు: ఊరి భూముల ఆక్రమణ కేసుల్లో అపోహలు - వాస్తవాలు

నేను శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల కోర్టుల్లో భూమి కేసులు చూస్తాను. చెరువు గట్టు, గోర్జి (సందు దారి), కళ్ళం, శ్మశానం... ఏదో ఒక తగాదా ఎప్పుడూ టేబుల్ మీద ఉంటుంది. ఆక్రమించినవాళ్ళూ వస్తారు, ఆపాలనుకున్నవాళ్ళూ వస్తారు. ఇద్దరి నోటా వినిపించే పొరపాటు మాటలు ఇంచుమించు ఒకటే.

అపోహ: బి-మెమో కట్టాం కాబట్టి భూమి మాదే.

ఎక్కువమందిని ముంచేది ఇదే. ఒక పెద్దాయన ప్లాస్టిక్ కవర్లోంచి రబ్బరు బ్యాండు చుట్టిన రసీదుల కట్ట తీసి, ఒక్కొక్కటీ టేబుల్ మీద పేర్చాడు. "మా నాన్న నాటి నుంచి శిస్తు కడుతున్నాం బాబూ" అన్నాడు. చూస్తే అవి శిస్తు రసీదులు కావు. సర్కారు భూమిలో అనుమతి లేకుండా ఉన్నందుకు 1905 నాటి భూ ఆక్రమణల చట్టం కింద బి-మెమో పేరుతో వసూలు చేసిన డబ్బుకు ఇచ్చినవి. అంటే కట్టిన ప్రతిసారీ "ఈ భూమి నాది కాదు" అని ఆయనే ఒప్పుకున్నట్టు. ఎన్నేళ్ళుగా సాగులో ఉన్నాడో చెప్పడానికి అవి పనికొస్తాయి, హక్కు చెప్పుకోవడానికి పనికిరావు. కోర్టులో ప్రభుత్వ ప్లీడరు ముందు పట్టుకునేది ఆ కట్టనే. ఇంటి పన్ను రసీదు, కరెంటు బిల్లు కూడా హక్కు పత్రాలు కావు.

అపోహ: పన్నెండేళ్ళు దాటితే మనదైపోతుంది.

పన్నెండేళ్ళ లెక్క ప్రైవేటు భూములకు. ప్రభుత్వం దావా వేయడానికి 1963 లిమిటేషన్ చట్టం 30 ఏళ్ళు ఇచ్చింది. ఆ 30 దాటినా హక్కు దానంతట అది రాదు. సర్కారు హక్కును కాదని, అందరికీ తెలిసేలా యజమానిలా అనుభవించానని రుజువు చెయ్యాలి. ఏటా బి-మెమో కట్టిన మనిషి ఆ మాట ఏ మొహంతో అంటాడు?

అపోహ: రాజావారి కాలంలోనే మా తాతకు ఇచ్చారు.

విజయనగరం, బొబ్బిలి, పర్లాకిమిడి జమీందారీలు ఉన్న ప్రాంతం కదా, ఈ మాట మా దగ్గర బాగా వినిపిస్తుంది. 1948 ఎస్టేట్ల రద్దు చట్టంతో చెరువులు, ఉమ్మడి భూములతో సహా ఎస్టేట్లు ప్రభుత్వపరం అయ్యాయి. తర్వాత భూములను కొలిచి, ఏది ఏ రకమో రాసిన సెటిల్‌మెంట్‌లో ఆ సర్వే నంబరును ఏమని రాశారన్నదే అసలు ప్రశ్న. అందుకే నేను ముందు అడిగేది సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్ (అప్పటి భూముల రిజిస్టరు) నకలు, ఎఫ్ఎంబీ (సర్వే నంబరు కొలతల పటం). అందులో "చెరువు" అని ఉంటే, నిన్నమొన్న చేయించుకున్న రిజిస్ట్రేషన్ కాగితం ఆదుకోదు. అమ్మినవాడికే లేని హక్కు కొన్నవాడికి ఎక్కడి నుంచి వస్తుంది? ఆ నకలు కోసం తిరిగితే చెప్పులు అరుగుతాయి, అది వేరే కథ.

అపోహ: పక్కా ఇల్లు కట్టేస్తే ఇంకెవరూ కదపలేరు.

జగ్‌పాల్ సింగ్ కేసులో 2011లో సుప్రీంకోర్టు దీనికి జవాబు చెప్పేసింది. అది పంజాబ్‌లో ఒక ఊరి చెరువు తగాదా. ఎంత ఖర్చు పెట్టి కట్టినా, ఎన్నేళ్ళుగా ఉన్నా, ఎంత పలుకుబడి ఉన్నా క్రమబద్ధీకరణకు అవి కారణాలు కావంది. భూమిలేని పేదలకో, ఎస్సీ, ఎస్టీలకో ప్రభుత్వమే ఇచ్చిన సందర్భాలు, అక్కడ బడి, ఆసుపత్రి వంటివి ఉన్న సందర్భాలు మాత్రం మినహాయించింది.

అపోహ: తహసీల్దారు తలచుకుంటే రేపే పొక్లెయిన్ దింపుతాడు.

కుదరదు. 1905 చట్టం ఏడో సెక్షన్ కింద నోటీసిచ్చి సంజాయిషీ వినాలి. హక్కు మీద నిజమైన వివాదం ఉంటే ఆ దగ్గరి దారి చెల్లదని, ప్రభుత్వం సివిల్ కోర్టుకే వెళ్ళాలని తుమ్మల కృష్ణారావు కేసులో 1982లోనే సుప్రీంకోర్టు అంది. నిజమైన వివాదం అంటే కాగితం ఉన్న వివాదం. గొంతు పెద్దది చేస్తే సరిపోదు.

అపోహ: సర్పంచి కదలకపోతే ఊరివాళ్ళం ఏం చేయగలం?

చేయగలరు. నలుగురు నడిచే గోర్జికి కంచె వేస్తే ఆర్డీఓ దగ్గర బీఎన్ఎస్ఎస్ (పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో వచ్చిన చట్టం) 152వ సెక్షన్ కింద అర్జీ పెట్టొచ్చు. సివిల్ కోర్టు అనుమతితో ఇద్దరు చాలు, సివిల్ ప్రొసీజర్ కోడ్ 91వ సెక్షన్ కింద దావా వేయడానికి. కాకపోతే అర్జీలో "రామాలయం వెనకాల చెరువు" అని రాసి వదిలేయకండి. సర్వే నంబరు, విస్తీర్ణం, ఆక్రమించింది ఏ వైపు, ఎన్ని సెంట్లు అన్నవి రాసి, ఎఫ్ఎంబీ నకలు జత చెయ్యండి. సర్వేయరు గొలుసు పట్టుకుని ఏ రాయి నుంచి మొదలుపెట్టాలో అప్పుడే తెలుస్తుంది.