జర్నల్‌లో పేపర్ వేయడం: మా పిల్లలు నమ్మే అపోహలు, వాస్తవాలు

కడపలో పొలిటికల్ సైన్స్ చెబుతాను. జర్నల్స్ (పరిశోధన పత్రికలు) అచ్చుకు ముందు పంపే వ్యాసాలను చదివి బాగోగులు చెప్పే రివ్యూ పని కూడా చేస్తుంటాను. పీహెచ్‌డీ పిల్లలు నా దగ్గరికి వచ్చేసరికే ఎవరో చెప్పిన మాటలు గట్టిగా నమ్మి ఉంటారు. వాటివల్ల డబ్బూ పోతోంది, ఏళ్లూ పోతున్నాయి.

అపోహ: ఐఎస్ఎస్ఎన్ ఉంటే మంచి జర్నలే.

వాస్తవం: అది పత్రికను గుర్తుపట్టడానికి ఇచ్చే ఎనిమిది స్థానాల సంఖ్య, అంతే. బండికి నంబర్ ప్లేట్ ఉందని బ్రేకులు చూడకుండా ఎక్కుతామా? మా దగ్గర ఒకమ్మాయి వాట్సాప్ మెసేజ్ చూసి రెండున్నర వేలు కట్టింది. మూడో రోజుకే పేపర్ వచ్చేసింది, రంగుల సర్టిఫికెట్‌తో సహా. కోస్తా, రాయలసీమ నాయకుల మధ్య శ్రీబాగ్ ఒడంబడిక 1937లో జరిగింది. ఆమె టైపింగ్‌లో అది 1973 అయింది. అచ్చులోనూ 1973 అనే ఉంది. ఒక్కరు చదివినా పట్టుకునే తప్పు. రెండేళ్లు తిరిగి సమాచారం పోగుచేసిన పిల్ల, ఆ పేజీ నాకు చూపిస్తూ ఏడ్చేసింది.

డబ్బు అడిగిన ప్రతి జర్నలూ మోసం కాదు. అందరూ ఉచితంగా చదువుకునేలా పెట్టే మంచి జర్నల్స్ కొన్ని రచయిత దగ్గర ఫీజు తీసుకుంటాయి. చందాలతో నడిచేవి మన రంగంలో మామూలుగా ఏమీ అడగవు. అసలు ఎవరు చదివి ఒప్పుకున్నారో చూడండి. ఒక్క వ్యాసానికి నాకే రెండు ఆదివారాలు పడుతుంది.

అపోహ: పేపర్లు లేకపోతే థీసిస్ తీసుకోరు.

వాస్తవం: యూనివర్సిటీలకు నిబంధనలు పెట్టే యూజీసీ 2022లో ఆ షరతు తీసేసింది. ఏ జర్నల్స్‌ను లెక్కలోకి తీసుకోవాలో చెప్పే యూజీసీ జాబితా, కేర్ లిస్టునూ 2025లో ఆపేశారు. మీ యూనివర్సిటీ సొంత రూలు ఏమైనా పెట్టిందేమో ఆఫీసులో అడగండి.

అపోహ: కడప అని చూసి పక్కన పడేస్తారు.

వాస్తవం: ఎడిటర్‌కు మీ పేరు తెలుస్తుంది. డబుల్ బ్లైండ్ పద్ధతిలో రివ్యూయర్‌కు పేరూ, కాలేజీ తెలియవు. తమ పరిధిలోకి రాదని ఎడిటరే వెనక్కి పంపేవి చాలా ఉంటాయి. పంపేముందు ఆ జర్నల్ పాత సంచికలు రెండు చదవండి. ఒకే వ్యాసాన్ని ఒకేసారి రెండు జర్నల్స్‌కు మాత్రం పంపకండి.

అపోహ: మన ఊరి సంగతులు అంతర్జాతీయ సంబంధాలకు పనికిరావు.

వాస్తవం: నాకు ఎక్కువ బాధ కలిగించేది ఇదే. రాయచోటి, రాజంపేట వైపు ఎన్ని ఇళ్లు కువైట్ డబ్బుతో లేచాయి! 1990లో ఇరాక్ కువైట్‌ను ఆక్రమించినప్పుడు లక్షకు పైగా భారతీయులను అమ్మాన్ మీదుగా విమానాల్లో ఇంటికి చేర్చారు. పరాయి దేశంలో ఉన్న పౌరుడికి రాజ్యం ఏం బాకీ పడి ఉంటుందన్న పెద్ద ప్రశ్న మన వీధిలోనే ఉంది.

అయితే సంగతి చెబితే చాలదు. మా కుర్రాడొకడు ఇదే విషయం మీద ఇరవై పేజీలు రాశాడు. పన్నెండు పేజీలు కువైట్ చరిత్రే. రివ్యూయర్ ఒక్క వాక్యం రాశారు: "మీ ప్రశ్న ఏమిటి?" వారం రోజులు ముఖం మాడ్చుకుని తిరిగాడు. తర్వాత ఊళ్లకు వెళ్లి, కువైట్‌లో ఇంటి పని చేసి వచ్చిన ఆడవాళ్లతో కూర్చున్నాడు. కష్టం వస్తే వాళ్లు ఎంబసీ కంటే ముందు ఊళ్లో ఏజెంటుకే ఎందుకు ఫోన్ చేస్తారు? ఇప్పుడు వ్యాసం ఆ ప్రశ్నతోనే మొదలవుతుంది. ఆ పన్నెండు పేజీలు ఒకటిన్నరకు తగ్గాయి. మొన్ననే రెండోసారి రివ్యూకి వెళ్లింది.