హోమ్ లోన్ అసలు ఖరీదు ఎంత? రోజూ వినే అపోహలు, వాటి వెనక లెక్కలు

ఇంటి లోన్ కోసం వచ్చేవాళ్ళు మొదట అడిగేది "ఈఎంఐ ఎంత పడుతుంది సార్?" అని. తర్వాత అడిగేది వడ్డీ రేటు. "మొత్తం తీరేసరికి నా చేతి నుంచి ఎంత పోతుంది?" అని అడిగేవాళ్ళు చాలా తక్కువ. ఈ ఫైళ్ళు చూడడమే నా పని కాబట్టి చెబుతున్నాను: లోన్ ఖరీదు తెలియాలంటే ఈఎంఐ కాదు, ఎంత బాకీ ఎన్ని నెలలు మన నెత్తిన ఉంటుందో చూడాలి.

అన్నిచోట్లా ఒకే లెక్క వాడతాను. 50 లక్షల లోన్, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ళు. ఈఎంఐ 43,391 రూపాయలు. వేరే ఏమైనా చెబితే తప్ప, రేటు మధ్యలో మారదనే అనుకుందాం. ఏ బ్యాంకు కాలిక్యులేటర్‌లో వేసినా ఇవే అంకెలు వస్తాయి.

అపోహ: "డెబ్బై పైసల వడ్డీయే కదా, చవకే!"

మన దగ్గర వడ్డీ లెక్క నూటికి నెలకు ఇంత అని. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం, రెండు రూపాయలంటే 24. ఆ లెక్కన 8.5 శాతం అంటే 71 పైసలు. నిజమే, ఆ రేటుకు ఊళ్ళో ఎవరూ అప్పు ఇవ్వరు. కానీ ఊళ్ళో రెండు రూపాయలకు తెచ్చిన అప్పును పంట చేతికి రాగానే తీర్చేయాలని చూస్తాం. ఇక్కడ 71 పైసల వడ్డీని 240 నెలలు కడుతూ పోతాం. 20 ఏళ్ళలో కట్టేది 1 కోటి 4 లక్షలు దాటుతుంది. అందులో వడ్డీయే 54.14 లక్షలు.

ఇదే లోన్‌ను 30 ఏళ్ళకు పెడితే ఈఎంఐ 38,446. నెలకు దాదాపు ఐదు వేలు తగ్గిందని సంతోషిస్తాం. మొత్తం వడ్డీ మాత్రం 88.40 లక్షలకు చేరుతుంది, అంటే 34 లక్షలు అదనం. అదే 15 ఏళ్ళకు పెడితే ఈఎంఐ 49,237, వడ్డీ 38.63 లక్షలు.

జీతానికి అడిగినంత లోన్ రాకపోతే, గడువు పెంచి ఎలిజిబిలిటీ తెప్పించడం మా వైపు మామూలే. అందులో మోసమేమీ లేదు. చిక్కల్లా తర్వాత వస్తుంది. ఎలిజిబిలిటీ కోసం పెట్టిన 30 ఏళ్ళ గడువును, జీతం రెండింతలయ్యాక కూడా చాలామంది ముట్టుకోరు.

అపోహ: "బ్యాంకు మొదటి పదేళ్ళలో వడ్డీ అంతా లాగేసుకుంటుంది. తర్వాత ముందుగా కట్టినా లాభం లేదు"

దీన్ని బాగా చదువుకున్నవాళ్ళ నోట కూడా వింటుంటాను. బ్యాంకు వడ్డీని ముందుగా తీసుకోదు. ఆ నెల ఎంత బాకీ ఉందో దాని మీదే వడ్డీ వేస్తుంది. మొదటి నెల బాకీ 50 లక్షలు కాబట్టి వడ్డీ 35,417. ఈఎంఐలో మిగిలిన 7,974 మాత్రమే అసలులోకి వెళ్తుంది. బాకీ తగ్గేకొద్దీ వడ్డీ వాటా తగ్గి, అసలు వాటా పెరుగుతుంది.

ఐదేళ్ళలో మీరు కట్టేది 26 లక్షలు, అసలు తగ్గేది 6 లక్షల లోపు. పదేళ్ళు, అంటే సగం గడువు గడిచాక కూడా 35 లక్షల బాకీ ఉంటుంది. సగం అప్పు తీరాలంటే 13 ఏళ్ళ 10 నెలలు పడుతుంది. స్టేట్‌మెంట్ చూసి గుండె జారిపోయేది ఇక్కడే.

ఇక రెండో మాట. 15వ ఏట లక్ష రూపాయలు ముందుగా కట్టినా, ఆ లక్ష మీద అక్కడి నుంచి 8.5 శాతం వడ్డీ ఆగిపోతుంది. మొదట్లో కడితే ఎక్కువ మిగలడానికి కారణం ఆ వడ్డీ ఆగే ఏళ్ళు ఎక్కువ ఉండడమే. ఆలస్యంగా కట్టింది వృథా పోదు.

అపోహ: "నా ఈఎంఐ మారలేదు, అంటే నా లోన్ కూడా మారలేదు"

అన్నిటికన్నా ఖరీదైన అపోహ ఇదే.

2019 అక్టోబరు 1 తర్వాత బ్యాంకులు ఇచ్చిన ఫ్లోటింగ్ రేటు (మధ్యలో మారుతూ ఉండే రేటు) హోమ్ లోన్లు బయటి ప్రామాణిక రేటుకు ముడిపడి ఉంటాయి. ఎక్కువ బ్యాంకులకు అది ఆర్‌బీఐ రెపో రేటు, అంటే బ్యాంకులకు ఆర్‌బీఐ అప్పు ఇచ్చే రేటు. కనీసం మూడు నెలలకోసారి రేటు రీసెట్ అవుతుంది. 2020 మే నుంచి రెండేళ్ళపాటు రెపో 4 శాతం దగ్గర ఉంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య అది 6.5 శాతానికి ఎగబాకింది. అంటే ఏడాది కూడా తిరగకుండా రెండున్నర శాతం పెరిగింది.

చవకగా దొరికిన రోజుల్లో 6.75 శాతానికి 50 లక్షలు తీసుకున్నవారి ఈఎంఐ 38,018. బాకీ 48 లక్షలు ఉన్నప్పుడు రేటు 9.25 అయిందనుకోండి. నెల వడ్డీయే 37,000. పాత ఈఎంఐనే కడుతూ పోతే అసలులోకి వెళ్ళేది 1,018 రూపాయలు. ఆ వేగంతో అప్పు తీరాలంటే ఇంకో 39 ఏళ్ళు కావాలి! బ్యాంకులు అంత దూరం పోనివ్వవు, రిటైర్మెంట్ వయసు అడ్డొస్తుంది, ఈఎంఐ పెంచుతాయి. కానీ అక్కడిదాకా గడువు చడీచప్పుడు లేకుండా సాగిపోయిన లోన్లు ఎన్నో. నెలనెలా అకౌంట్‌లోంచి పోయేది అంతే కాబట్టి ఎవరికీ అనుమానం రాలేదు.

2023 ఆగస్టు 18న ఆర్‌బీఐ దీనిపై ఆదేశాలిచ్చింది. రేటు రీసెట్ అయినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అని ఎంచుకునే అవకాశం కస్టమర్‌కు ఇవ్వాలి. నెల వడ్డీకి కూడా చాలని ఈఎంఐ ఉండకూడదు. ఇప్పటిదాకా కట్టిన అసలు, వడ్డీ, ఈఎంఐ మొత్తం, మిగిలిన ఈఎంఐల సంఖ్య, ఏడాది వడ్డీ రేటు, ఇవన్నీ చూపే స్టేట్‌మెంట్ మూడు నెలలకోసారి అందించాలి. ఆ స్టేట్‌మెంట్‌లో "మిగిలిన ఈఎంఐలు" అన్న అంకె ఒక్కటి చూసినా చాలు.

2025 ఫిబ్రవరి నుంచి రెపో తగ్గుతూ వచ్చి డిసెంబరుకు 5.25 అయింది. రేటు తగ్గినప్పుడు బ్యాంకు ఈఎంఐని అలాగే ఉంచి గడువు తగ్గిస్తే అది మీకు మేలే. "నా ఈఎంఐ ఎందుకు తగ్గించలేదు?" అని గొడవపడేముందు గడువు చూసుకోండి.

హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ రెపో ముడి తప్పనిసరి కాదు. వాటి రేట్లు వాటి సొంత ప్రామాణిక రేటు మీద నడుస్తాయి. కొత్తవాళ్ళకు ఇస్తున్న రేటు మీకు దానంతటదే వస్తుందని అనుకోవద్దు. అడగాలి, రేటు మార్చినందుకు చిన్న కన్వర్షన్ ఫీజు కట్టాల్సి రావచ్చు.

అపోహ: "పెద్ద మొత్తం చేతికొస్తేనే ముందుగా కట్టాలి"

అక్కర్లేదు. ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కడితే 240 నెలల లోన్ దాదాపు 200 నెలల్లో తీరుతుంది, 10 లక్షలకు పైగా మిగులుతుంది. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోతే 12 ఏళ్ళ చిల్లరలో లోన్ క్లోజ్. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌ను ముందుగా కట్టినందుకు ఛార్జీ వేయకూడదని ఆర్‌బీఐ నిబంధన. ఫిక్స్‌డ్ రేటు అయితే అగ్రిమెంట్ చదవాలి.

చీటీ పాడుకున్న డబ్బో, పీఆర్‌సీ ఎరియర్సో, ఊళ్ళో స్థలం అమ్మిన డబ్బో తెచ్చి కట్టేవాళ్ళు ఒక ప్రశ్న మర్చిపోతుంటారు. ఈ డబ్బుతో తగ్గేది ఈఎంఐనా, గడువా? ఐదేళ్ళు నిండాక 5 లక్షలు కట్టారనుకుందాం. ఈఎంఐ అదే ఉంచి గడువు తగ్గిస్తే, మిగిలిన 180 నెలలు 144 అవుతాయి, 5 లక్షలు పోను సుమారు 10.7 లక్షలు ఆదా. ఈఎంఐ తగ్గించుకుంటే అది 38,467కు దిగుతుంది, చివరికి ఆదా 3.9 లక్షలు. పిల్లల ఫీజులతో నెల గడవడం కష్టంగా ఉంటే రెండోది తప్పు కాదు. నెలకు ఐదు వేలు చేతిలో ఉంటాయి, వాటిని దాచుకుంటే లెక్క మళ్ళీ దగ్గరకొస్తుంది. కాకపోతే ఆ ఐదు వేలను నిజంగా దాచినవాళ్ళు నాకు ఎక్కువగా కనిపించలేదు.

ఇంకో మాట. చేతిలో ఆరు నెలల ఖర్చులకు డబ్బు లేకుండా అంతా లోన్‌లో పోయకండి. ఉద్యోగం పోయిన నెలలో "పోయినేడు నాలుగు లక్షలు ముందే కట్టాను" అంటే ఈఎంఐ ఆగదు.

అపోహ: "వేరే బ్యాంకు అర శాతం తక్కువిస్తోంది, మారిపోతే లాభమే"

రేటు ఒక్కటే చూసి మారితే నష్టం కూడా రావచ్చు. ఐదేళ్ళు కట్టాక బాకీ 44 లక్షలు, మిగిలినవి 180 నెలలు. ఇలాగే కొనసాగితే ఇంకా కట్టేది 78 లక్షలు. కొత్త బ్యాంకు 8 శాతానికి ఇచ్చి, గడువు మళ్ళీ 20 ఏళ్ళు పెట్టింది. ఈఎంఐ 36,800కు దిగింది. కట్టే మొత్తం? 88 లక్షలు. రేటు తగ్గి ఖర్చు పది లక్షలు పెరిగింది. మారాలనుకుంటే మిగిలిన గడువుకే మారండి. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఒపీనియన్, మళ్ళీ ఎంఓడీ (ఇంటి పత్రాలు బ్యాంకు దగ్గర తనఖా పెట్టినట్టు రాసే పత్రం) రిజిస్ట్రేషన్ ఖర్చులు కలుపుకుని చూడండి. దానికన్నా ముందు, రేటు తగ్గించమని మీ బ్యాంకుకు ఒక ఉత్తరం రాయండి. మీ లోన్ తాము తీసుకుంటామని కొత్త బ్యాంకు ఇచ్చే టేకోవర్ లెటర్ చూపిస్తే చాలాసార్లు పని అయిపోతుంది.

అపోహ: "లోన్‌తోపాటు ఇచ్చే ఇన్సూరెన్స్ తీసుకోకపోతే శాంక్షన్ కాదు"

ఇంటి పెద్దకు బీమా ఉండాల్సిందే, అందులో రెండో మాట లేదు. కానీ ఫలానా కంపెనీ పాలసీయే, వాళ్ళ దగ్గరే తీసుకోవాలన్న షరతు చెల్లదు. సింగిల్ ప్రీమియం లక్షన్నరను లోన్‌లోనే కలిపేస్తే నెలకు 1,302 రూపాయలు పెరుగుతుంది. 20 ఏళ్ళలో ఆ ప్రీమియం 3.12 లక్షలు అవుతుంది. ఆ పాలసీల్లో చాలావాటికి బాకీతోపాటు కవర్ కూడా తగ్గుతూ పోతుంది. విడిగా టర్మ్ పాలసీ (ప్రాణానికి మాత్రమే కవర్ ఇచ్చే బీమా) కొటేషన్ ఒకటి తెచ్చుకుని పోల్చండి.

2024 అక్టోబరు 1 నుంచి ప్రతి కొత్త హోమ్ లోన్‌కూ కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ ఇవ్వాలి. అందులో ఏపీఆర్ అని ఒక శాతం ఉంటుంది. ప్రాసెసింగ్ ఫీజు, బ్యాంకు ద్వారా కట్టే ఇన్సూరెన్స్, లీగల్ ఛార్జీలు కలిపి లోన్‌కు పడే అసలు రేటు అది. రెండు బ్యాంకులను పోల్చేటప్పుడు ప్రకటనలోని రేటు పక్కన పెట్టి దీన్ని చూడండి.

అపోహ: "ట్యాక్స్ మిగులుతుంది కాబట్టి వడ్డీ భారం కాదు"

పాత పన్ను విధానంలో సొంతంగా ఉంటున్న ఇంటి మీద వడ్డీకి ఏటా 2 లక్షల వరకే మినహాయింపు. మన లెక్కలో మొదటి ఏడాది వడ్డీ 4.21 లక్షలు. 30 శాతం శ్లాబులో ఉన్నా సెస్సుతో కలిపి మిగిలేది 62,400. కొత్త విధానంలో ఆ మినహాయింపు కూడా లేదు. పన్ను కోసం లోన్ క్లోజ్ చేయకుండా ఉంచుకుంటున్నవాళ్ళు ఈ లెక్క ఒకసారి వేసుకోవాలి.

అపోహ: "ధరలో 20 శాతం చేతిలో ఉంటే ఇల్లు కొనేయొచ్చు"

30 లక్షలు దాటి 75 లక్షల వరకు ఉన్న లోన్లకు ఇంటి విలువలో 80 శాతం దాకా ఇవ్వొచ్చు. 62.5 లక్షల ఫ్లాట్‌కు 50 లక్షలు వస్తే మార్జిన్, అంటే మన చేతి నుంచి పెట్టాల్సింది, 12.5 లక్షలు. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులను ఆ విలువలో కలపరు. తెలంగాణలోనూ ఆంధ్రప్రదేశ్‌లోనూ అవన్నీ కలిపి సుమారు 7.5 శాతం, అంటే 4.7 లక్షలు. ఇంకా నిర్మాణంలో ఉన్న ఫ్లాట్ అయితే జీఎస్టీ 5 శాతం, ఇంకో 3.1 లక్షలు. గడప తొక్కకముందే 20 లక్షలు దాటింది. కార్పస్ ఫండ్ (అపార్ట్‌మెంట్ ఉమ్మడి నిధికి కట్టేది), కప్‌బోర్డులు ఇంకా మొదలవలేదు. ఈ తేడా పూడ్చడానికి పర్సనల్ లోన్ తీసుకున్నారంటే ఇల్లు ఇంకా ఖరీదైందన్నమాటే.

అపోహ: "ప్రీ ఈఎంఐ కడుతున్నాం కదా, ఎంతో కొంత లోన్ తగ్గుతుంది"

ఒక్క రూపాయి తగ్గదు. ప్రీ ఈఎంఐ అంటే, ఫ్లాట్ నిర్మాణంలో ఉండగా బ్యాంకు బిల్డర్‌కు విడుదల చేసిన మొత్తం మీద వడ్డీ మాత్రమే. సగటున 30 లక్షలు విడుదలై మూడేళ్ళు పడితే 7.65 లక్షలు వడ్డీకే పోతాయి, పైగా అద్దె వేరే. బిల్డర్ ఆలస్యం చేస్తే ఆ భారం కూడా మీదే. స్తోమత ఉంటే మొదటి నుంచే పూర్తి ఈఎంఐ పెట్టమని అడగండి, చాలా బ్యాంకులు ఒప్పుకుంటాయి.

అపోహ: "యాభై తీసుకుంటే కోటి కట్టించుకుంటున్నారు, పచ్చి దోపిడీ"

ఇన్ని లెక్కలు చెప్పి ఇప్పుడు బ్యాంకు వైపు మాట్లాడుతున్నానేంటి అనుకోకండి. ధరలు ఏటా 5 శాతం పెరిగితే, ఇరవయ్యో ఏట కట్టే 43,391 విలువ నేటి లెక్కలో 16,350కి అటూ ఇటూ. ఇవాళ్టి రూపాయిని, ఇరవై ఏళ్ళ తర్వాతి రూపాయిని ఒకే గాటన కట్టి "రెండింతలు" అనడం సరికాదు. సొంతింట్లో ఉన్నన్నాళ్ళు మిగిలే అద్దె కూడా ఉంది. లోన్ తీసుకోవద్దని నేను చెప్పను. బాకీ ఎంతో, నెలలు ఎన్నో తెలుసుకుని తీసుకోమంటాను.

అపోహ: "చివరి ఈఎంఐ కట్టేస్తే లోన్ పని అయిపోయినట్టే"

డబ్బు కట్టడం అయిపోతుంది, కాగితాల పని ఉంటుంది. ఒరిజినల్ డాక్యుమెంట్లను 30 రోజుల్లో తిరిగి ఇవ్వాలి. తమ వల్ల ఆలస్యమైతే బ్యాంకు రోజుకు 5,000 రూపాయలు చొప్పున పరిహారం చెల్లించాలి. ఈ నిబంధన 2023 డిసెంబరు 1 నుంచి అమల్లో ఉంది. లోన్ తీసుకున్నప్పుడు ఇచ్చిన డాక్యుమెంట్ల జాబితా దగ్గర పెట్టుకుని, లింక్ డాక్యుమెంట్లతో (ఆ ఆస్తి పాత యజమానుల పత్రాలతో) సహా ఒక్కొక్కటీ సరిచూసుకుని సంతకం పెట్టండి. ఎంఓడీ రిజిస్టర్ అయి ఉంటే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రద్దు చేయించి, నెల తర్వాత ఈసీ (ఆస్తి మీద తనఖాలు, లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీసి చూడండి. సిబిల్ క్రెడిట్ రిపోర్టులో లోన్ "క్లోజ్డ్" అని పడిందో లేదో కూడా చూసుకోండి. ఈసీలో పాత తనఖా అలాగే ఉంటే, ఇల్లు అమ్మబోయే రోజు కొనేవాళ్ళ లాయరు ముందు ఆ ఎంట్రీ దగ్గరే ఆగుతాడు.